గాలి సోకిన గడి

దేవరకొండ దగ్గరి ఓ ఊళ్ళో పాడుబడ్డ గడి, అంటే ఒకప్పటి దొర కోటలాంటి ఇల్లు, ఉంది. పొద్దుమూకితే అటు ఎవరూ పోరు. నేను బయల్దేరుతుంటే ఎనభై దాటిన అవ్వ ఒకామె అడ్డుపడింది. "వద్దు బిడ్డా, గాలి సోకుతది." నేను పోయేదే ఆ గాలి కోసం.

దయ్యాల వేటగాళ్ళు చేతిలో పట్టుకు తిరిగే మీటరు ఒకటుంది. విద్యుదయస్కాంత క్షేత్రం మారితే లైట్లు వెలుగుతాయి. వీడియోల్లో అయితే ఆత్మ వచ్చేసినట్టే. ఆ రాత్రి నాకూ రెండుసార్లు వెలిగింది. రెండుసార్లూ జేబులో ఫోను మోగింది. నా సంచిలో అంతకన్నా విలువైనది కార్బన్ మోనాక్సైడ్ మీటరు.

ఎందుకంటే, విలియం విల్మర్ అనే అమెరికా కంటి డాక్టరు 1921లో ఒక కుటుంబం కథ అచ్చువేశాడు. పాత ఇంట్లోకి మారాక అడుగుల చప్పుళ్ళు, మంచం పక్కన ఆకారాలు, తలనొప్పులు. కుండీల్లో మొక్కలూ వాడిపోయాయి. తీరా చూస్తే, ఇల్లు వెచ్చబెట్టే కొలిమి పాడై, దాని పొగ గదుల్లోకే వస్తోంది. కార్బన్ మోనాక్సైడ్‌కు రంగూ లేదు, వాసనా లేదు. రక్తంలో ఆక్సిజన్‌ను మోసే హిమోగ్లోబిన్‌ను మాత్రం ఆక్సిజన్‌కన్నా 200 రెట్లకు పైగా గట్టిగా పట్టుకుంటుంది.

ఇంగ్లండ్‌లో ఇంజనీరు విక్ టాండీకి సోకిన గాలి వేరు. రాత్రి ల్యాబులో చెమటలు పట్టాయి, కంటి చివర బూడిదరంగు ఆకారం కదిలింది. మర్నాడు తన ఫెన్సింగ్ కత్తిని వైసులో బిగిస్తే, ఎవరూ ముట్టకుండానే దాని కొస వణికింది. గది నడిమధ్యలో మరీ ఎక్కువ. కొత్తగా పెట్టిన ఫ్యాను గాలిని సెకనుకు దాదాపు 19 సార్లు ఊపుతోంది. 20 లోపు కంపనం మన చెవికి అందదు. వినబడని ఆ కంపనమే తనకు ఆ ఆకారాన్ని చూపించిందని 1998లో టాండీ పరిశోధన పత్రం రాశాడు.

ఈ కథ నాకు చాలా ఇష్టం, నమ్మకం మాత్రం సగమే. లండన్‌లో 79 మందిని ఒక్కొక్కరిగా 50 నిమిషాల పాటు ఖాళీ గదిలో ఉంచి, అలాంటి కంపనాన్ని కొందరికి పెట్టారు, కొందరికి పెట్టలేదు. ఫలితాలు 2009లో వచ్చాయి. చాలామందికి ఏదో వింతగా అనిపించింది, పెట్టినా పెట్టకున్నా! వింతగా అనిపించవచ్చని ముందే చెప్పి పంపారు మరి. అవ్వ నన్ను పంపినట్టే.

గడి భయమంతా వెనకున్న పాతర, అంటే నేలలో తవ్విన ధాన్యపు గొయ్యి, దగ్గర మొదలైంది. అవ్వ చిన్నప్పుడు గింజలు తీయడానికి దిగిన జీతగాడు పైకి రాలేదు. మూసిన పాతరలో గింజలు, వాటికి పట్టిన బూజు ఊపిరి తీస్తూనే ఉంటాయి. ఆక్సిజన్ తరిగిపోయి కార్బన్ డయాక్సైడ్ పేరుకుంటుంది. గాలికన్నా బరువు కాబట్టి అడుగునే నిలుస్తుంది. అందుకే వెనకటి మనుషులు ముందు దీపం దింపి చూసేవాళ్ళు.

"ఆ రోజు దీపం దింపలేదా అవ్వా?" అని అడిగాను.

"ఎందుకు దింపలే? దింపిండ్రు. ఆరిపోయింది." కొంగుతో మొహం తుడుచుకుంది. "దొర దిగుమన్నడు."