కల్పిత లోకంలో ఏటా వెలిగే ఆకాశం: అపోహలు - వాస్తవాలు

బెంగళూరులో ఒక కంప్యూటర్ గేముల సంస్థలో ఆకాశాలు గీయడం నా ఉద్యోగం. అన్నీ లేని లోకాల ఆకాశాలే. కథ రాసేవాళ్లు మా బల్ల దగ్గరికి తెచ్చే కోరికల్లో ఒకటి తప్పకుండా ఉంటుంది: ఏడాదికోసారి ఆకాశంలో ఒక గొప్ప వెలుగు రావాలి, రాజ్యమంతా పండుగ చేసుకోవాలి. ఆ వెలుగు ఎందుకు వస్తుందని అడిగితే మాత్రం ముఖాలు చిట్లిస్తారు.

అపోహ: కల్పితమే కదా, కారణం దేనికి?

మాయ అని సరిపెట్టుకోవచ్చు, కాదనను. కానీ కారణం తేల్చుకోకపోతే నష్టపోయేది కథే. వెలుగు ఉల్కలదైతే మామూలుగా అర్ధరాత్రి దాటాక జోరందుకుంటుంది. సూర్యకిరణానిదైతే ఏ గుహలోకో వచ్చి కాసేపట్లో వెళ్లిపోతుంది. నిండు చంద్రులదైతే సాయంత్రం మొదలై తెల్లవార్లూ ఉంటుంది. జనం ఎక్కడ గుమిగూడాలో, దొంగ ఏ వేళ కోటలోకి దూరాలో దీన్నిబట్టే తేలుతుంది.

అపోహ: గర్భగుడిలోకి సూర్యకిరణం ఏడాదికి ఒక్కరోజే వస్తుంది.

ఇది నాకు బాగా ఇష్టమైన అపోహ. మా ఊళ్లోనే దీనికి సాక్ష్యం ఉంది కాబట్టి. గవిపురంలోని గవి గంగాధరేశ్వర స్వామి గుహాలయంలో సంక్రాంతి సాయంత్రం సూర్యకాంతి నంది కొమ్ముల మధ్యనుంచి వచ్చి శివలింగంపై పడుతుంది. ఆ రోజు అక్కడ అడుగు పెట్టే చోటుండదు. అదే కాంతి నవంబరు చివరి రోజుల్లోనూ అలాగే లోపలికి వస్తుంది, అప్పుడు మాత్రం ఈ హడావిడి కనిపించదు. సూర్యుడు దక్షిణానికి జరుగుతూ డిసెంబరు 21 ప్రాంతంలో ఆగి వెనుదిరుగుతాడు. వెళ్లేటప్పుడు ఏ దారిన అస్తమించాడో వచ్చేటప్పుడూ ఆ దారినే అస్తమిస్తాడు. జనవరి 14 ఆ మలుపుకు ఎంత దూరమో నవంబరు చివరి రోజులూ అంతే దూరం. బెంగళూరులో సూర్యుడు సరిగ్గా నడినెత్తికొచ్చి నీడ మాయమయ్యే మధ్యాహ్నాలు కూడా ఇలాగే రెండు, ఏప్రిల్ 24న ఒకటి, ఆగస్టు 18న ఒకటి.

నిజంగా ఏడాదికి ఒక్కసారే రావాలంటే కిరణాన్ని ఆ మలుపు రోజుకే కట్టేయాలి. అప్పుడు ఇంకో చిక్కు. మలుపు దగ్గర సూర్యుడు దాదాపు కదలడు, అయిదు రోజులు అటూ ఇటూ అయినా డిగ్రీలో పదో వంతు కూడా తేడా రాదు. కాబట్టి కిరణం ఒక్కరోజు కాదు, పదిరోజులు పడుతూనే ఉంటుంది. మార్చి, సెప్టెంబరు నెలల్లో రాత్రింబగళ్లు సమానమయ్యే వేళ రోజుకు 0.4 డిగ్రీల చొప్పున జరుగుతాడు, కచ్చితమైన తేదీ అప్పుడే దొరుకుతుంది. కానీ ఆరు నెలలకు అదే కిరణం మళ్లీ వస్తుంది. ఒక్కసారే కావాలి, ఒక్కరోజే కావాలి అంటే సూర్యుడు ఒప్పుకోడు, మంత్రగాణ్ణి పిలుచుకోవాల్సిందే.

వెయ్యేళ్ల నాటి గుడి అని రాసేవాళ్లకు ఇంకో మాట. మన సంక్రాంతి ఋతువులతో పోలిస్తే దాదాపు 72 ఏళ్లకు ఒకరోజు చొప్పున ఆలస్యమవుతూ వస్తుంది. నాటి సంక్రాంతి రోజుకు సరిపోయేలా కట్టిన కిటికీలోకి నేడు కాంతి పండుగకు రెండు వారాల ముందే వస్తుంది. పూజారులు వేచి చూస్తున్న రోజు ఒకటి, వెలుగు వచ్చే రోజు ఇంకొకటి. ఇంతకన్నా మంచి కథ ఎక్కడ దొరుకుతుంది? ఎవరూ వాడుకోరేమిటో!

అపోహ: తోకచుక్క ఏటా వస్తేనే ఏటా ఉల్కలు రాలుతాయి.

ఆగస్టులో కనిపించే పెర్సీడ్ ఉల్కలకు మూలమైన స్విఫ్ట్-టటిల్ తోకచుక్క సుమారు 133 ఏళ్లకోసారి వస్తుంది, చివరగా వచ్చింది 1992లో. డిసెంబరు నాటి జెమినిడ్ ఉల్కలకు మూలం 1983లో కనుగొన్న ఫేథాన్ అనే గ్రహశకలం, దాని ప్రదక్షిణకు పట్టేది దాదాపు 1.4 ఏళ్లు. ఆ ధూళి కక్ష్య పొడవునా పరుచుకుని ఉంటుంది, భూమే ఏటా ఒకే చోట దాన్ని దాటుతుంది. అంటే దారిలో పోసిన ఇసుకమీదుగా రోజూ అదే వేళకు బస్సు వెళ్లినట్టు.

అపోహ: ఉల్కల పండుగకు ఒక తిథి పెట్టేయవచ్చు.

మనలా చాంద్రమానం పాటించే రాజ్యంలో అది కుదరదు. పన్నెండు చాంద్రమాసాలు కలిపితే 354 రోజులే, ఏటా పదకొండు రోజులు తగ్గుతాయి, అందుకే మనకు అధికమాసాలు. జెమినిడ్లు 2023లో అమావాస్య చీకట్లో రాలాయి, 2024లో నిండు వెన్నెల్లో వెలవెలబోయాయి. మీ రాజ్యంలో జ్యోతిష్కులు ఈ విషయమై కొట్టుకోవాలి.

అపోహ: తూర్పున ఒక పున్నమి చంద్రుడు, పడమట ఇంకొకడు.

దాదాపు ప్రతి కొత్త చిత్రకారుడూ ఇదే గీస్తాడు. పూర్ణచంద్రుడంటే సూర్యుడికి ఎదురుగా ఉన్నవాడు. ఇద్దరూ పూర్ణులైతే ఇద్దరూ పక్కపక్కనే ఉంటారు, సూర్యాస్తమయం వేళ తూర్పునే ఉదయిస్తారు, దగ్గరివాడు దూరపువాణ్ణి కప్పేయనూ వచ్చు. ఒకరి పున్నమి 30 రోజులకోసారి, ఇంకొకరిది 40 రోజులకోసారి అయితే జంట పున్నమి 120 రోజులకు వస్తుంది. దాన్ని ఏడాదికోసారి చేయాలంటే ఏడాది పొడవు మార్చుకోండి, మీ లోకమే కదా. "అక్కా, ఇదంతా ఎవరు చూస్తారు?" అంటాడు మా జట్టులోని కడప కుర్రాడు. నెలవంక చీకటి భాగంలో, అంటే చంద్రుడు అడ్డున్న చోట, నక్షత్రం గీసిన రోజున చాలామందే చూశారు.

అపోహ: ధ్రువకాంతి ఎక్కడైనా ఆకుపచ్చ తెరలా కనిపిస్తుంది.

ధ్రువకాంతి (అరోరా) అంటే అయస్కాంత ధ్రువాల చుట్టుపక్కల రాత్రి ఆకాశంలో మెరిసే వెలుగు. అందులో ఆకుపచ్చ రంగు ఆక్సిజన్‌ది, నూరు కిలోమీటర్లు దాటిన ఎత్తులో పుడుతుంది. ఎరుపూ ఆక్సిజన్‌దే, కానీ 200 కిలోమీటర్లకు పైన. దూరంనుంచి చూసేవాళ్లకు కింది ఆకుపచ్చను దిగంతం మింగేస్తుంది, పై ఎరుపే మిగులుతుంది. 2024 మే నెలలో వచ్చిన సౌర తుపాను రాత్రి లద్దాఖ్‌లోని హాన్లేలో కెమెరాలకు చిక్కింది ఆ ఎరుపే. అక్కడి వేధశాలను నడిపేది మన కోరమంగలలోని భారత ఖగోళ భౌతిక శాస్త్ర సంస్థ. పైగా ధ్రువకాంతికి తేదీ ఉండదు, సూర్యుడి ఆగ్రహాన్నిబట్టి వస్తుంది. వరిపొలాలు, కొబ్బరితోటలు ఉన్న రాజ్యంలో నడినెత్తిన పచ్చని తెరలు కావాలంటూ చిత్తుబొమ్మ వస్తే, ఆ గ్రహం అయస్కాంత ధ్రువం ఎక్కడుందో రాసి పంపమని తిప్పి పంపుతాను.