‘అణు వ్యతిరేక’ అనే మాట: అపోహలు - వాస్తవాలు

వైద్య, న్యాయ, పత్రికా పాఠాలను తెలుగులోకి అనువదించడం ఇరవై రెండేళ్లుగా నా వృత్తి. ఈ పనిలో నన్ను ఎక్కువగా ఇబ్బంది పెట్టినవి అరుదైన పారిభాషిక పదాలు కావు, అందరికీ తెలుసుననిపించే మాటలు. ‘యాంటీ న్యూక్లియర్’ అలాంటిది. దీనికి ‘అణు వ్యతిరేక’ అని రాసేస్తే పని అయిపోయిందని చాలామంది అనుకుంటారు. ఆ తొందరపాటు ఒక కుటుంబాన్ని ఎంత భయపెట్టగలదో స్వయంగా చూశాను కాబట్టి ఆ సంగతితోనే మొదలుపెడుతున్నాను.

ఒక రోగ నిర్ధారణ కేంద్రం వారు రక్త పరీక్షల నివేదికతో పాటు రోగులకు ఇచ్చే తెలుగు కరపత్రాన్ని సరిచూడమని నాకు పంపారు. అప్పటికే కొన్ని వారాలుగా దాన్ని రోగులకు పంచుతున్నారు. అందులో ఒక వాక్యం ఇలా ఉంది: ‘మీ రక్తంలో అణు వ్యతిరేక ప్రతిదేహాలు ఉన్నట్లు తేలింది.’ కీళ్ల నొప్పులతో పరీక్ష చేయించుకున్న ఒక ఇల్లాలి భర్త ఆ కాగితం పట్టుకుని మళ్లీ వచ్చాడట. ‘మా ఊరి దరిదాపుల్లో అణు కేంద్రమేదీ లేదు గదండీ, ఈమె ఊరు దాటి ఎక్కడికీ పోలేదు గదండీ, మరి ఇదెట్లా వచ్చింది?’ అని అడిగాడట. అక్కడి సిబ్బంది ఆ ప్రశ్నను ఉన్నదున్నట్టు నాకు చేరవేశారు. ఆయన అడిగినదాంట్లో తప్పేమీ లేదు. కరపత్రంలో ఉన్న తెలుగును సరిగ్గా చదివినందువల్లనే ఆయనకు ఆ సందేహం వచ్చింది.

అపోహ: ‘యాంటీ న్యూక్లియర్’ ఎక్కడ కనిపించినా అణుబాంబుకో, అణు విద్యుత్తుకో సంబంధించినదే.

వాస్తవం: ఈ ఆంగ్ల పదానికి నిఘంటువులు రెండు వేర్వేరు అర్థాలు ఇస్తాయి. మొదటిది అణ్వాయుధాలను గానీ, అణు విద్యుత్తును గానీ, రెండింటినీ గానీ వ్యతిరేకించే అన్న అర్థం. రెండోది జీవకణంలోని కేంద్రకంతో, లేదా ఆ కేంద్రకంలోని పదార్థాలతో చర్య జరిపే అన్న అర్థం. వైద్యులు ‘యాంటీ న్యూక్లియర్ యాంటీబాడీ’ పరీక్షను ‘ఏఎన్ఏ పరీక్ష’ అని పొట్టిగా రాసేది ఈ రెండో అర్థానికి చెందిన పరీక్షనే. మన శరీరం సూక్ష్మజీవుల మీద ప్రయోగించడానికి తయారుచేసుకునే ప్రతిదేహాలు (యాంటీబాడీలు) ఒక్కోసారి దారి తప్పి, సొంత కణాల కేంద్రకాలకే అతుక్కునేవిగా తయారవుతాయి. ఇక్కడ ‘న్యూక్లియర్’ అంటే కణ కేంద్రకం. రేడియోధార్మికతతో దీనికి ఏ సంబంధమూ లేదు.

ఈ పరీక్షను ఒకసారి దగ్గరుండి చూశాక ఆ మాట నా మనసులో స్థిరపడింది. ‘హెప్-2’ అనే ప్రత్యేక కణాలను పరచిన గాజుపలక మీద పలుచన చేసిన సీరమ్‌ను (రక్తం గడ్డకట్టాక విడిపోయే ద్రవాన్ని) వేస్తారు. తర్వాత కడిగి, ఫ్లోరోసెంట్ రంగు తగిలించిన మరో ప్రతిదేహాన్ని దాని మీద వేస్తారు. చీకటి గదిలో సూక్ష్మదర్శినికి కన్ను ఆనించి చూస్తే, సీరమ్‌లో ఆ దారితప్పిన ప్రతిదేహాలు ఉన్నప్పుడు, నల్లని నేపథ్యంలో కేంద్రకాలు మాత్రం ఆకుపచ్చగా వెలుగుతూ కనిపిస్తాయి. ఒకదాంట్లో వెలుగు నిండుగా, సమంగా పరుచుకుని ఉంటుంది, మరొకదాంట్లో చుక్కలు చుక్కలుగా ఉంటుంది, ఇంకొకదాంట్లో కేంద్రకాంశం, అంటే కేంద్రకం లోపలి చిన్న గుండ్రటి భాగం, మాత్రమే మెరుస్తుంది. ఏ పద్ధతిలో వెలుగుతున్నదో, ఎంత పలుచన చేసినా ఇంకా వెలుగుతున్నదో గమనించి నివేదికలో 1:80 (ఎనభై రెట్లు పలుచన) అనో, 1:160 అనో రాస్తారు.

ఇందులోనే మరో అపోహ కూడా ఇమిడి ఉంది. ‘పాజిటివ్’ అని రాగానే జబ్బు ఖాయమని భయపడనక్కరలేదు. 1997లో వెలువడిన ఒక అధ్యయనంలో పలు ప్రయోగశాలలు ఆరోగ్యవంతుల సీరమ్‌ను పరీక్షించినప్పుడు 1:40 పలుచన వద్ద 31.7 శాతం మందిలో, 1:160 వద్ద 5 శాతం మందిలో ఈ ఫలితం పాజిటివ్‌గా వచ్చింది. శరీర రక్షణ వ్యవస్థ సొంత కణాల మీదే దాడి చేసే లూపస్ వ్యాధి వర్గీకరణకు 2019లో అమెరికా, ఐరోపా రుమటాలజీ (కీళ్లవాత వ్యాధుల వైద్య) సంస్థలు కలిసి రూపొందించిన ప్రమాణాల్లో 1:80 గానీ అంతకు మించిన పలుచన గానీ ప్రవేశద్వారం మాత్రమే. గుమ్మం దాటిన తర్వాత లక్షణాలు, ఇతర పరీక్షలు అన్నీ చూసి గానీ ఒక నిర్ణయానికి రారు. వైద్యం చెప్పడం నా పని కాదు. అయితే ఈ నేపథ్యం తెలియని అనువాదకుడు ‘తేలింది’ అన్న క్రియతోనే రోగికి తీర్పు చెప్పేస్తాడు.

అపోహ: ‘న్యూక్లియర్’కు తెలుగు ‘అణు’, కనుక ఎక్కడైనా అదే వాడవచ్చు.

వాస్తవం: చిక్కుకు మూలం ఇక్కడే ఉంది. మన పాఠ్యపుస్తకాల పరిభాషలో ‘పరమాణువు’ మూలకం లక్షణాలను నిలుపుకొనే అతి చిన్న భాగం, ‘అణువు’ అలాంటి పరమాణువుల కలయికతో ఏర్పడేది. పరమాణువు నడుమ ఉండేది ‘కేంద్రకం’. బాంబులోనూ రియాక్టరులోనూ మార్పు జరిగేది కేంద్రకంలో, పాఠ్యపుస్తకం దాన్ని ‘కేంద్రక విచ్ఛిత్తి’ అనే అంటుంది. ఆ లెక్కన అణుబాంబును కేంద్రక బాంబు అనాలి, అణు విద్యుత్తును కేంద్రక విద్యుత్తు అనాలి. అయినా అణుబాంబు, అణుశక్తి, అణు విద్యుత్తు అనే మాటలు దశాబ్దాలుగా జనం నోట నలిగి స్థిరపడ్డాయి. వాటిని ఇప్పుడు మార్చమని నేను ఎవరినీ కోరను. సంస్కృతంలో ‘అణు’ అంటే మిక్కిలి సూక్ష్మమైనది అనే అర్థం. ‘అణువణువునా’, ‘అణుమాత్రం’ అనేటప్పుడు మనం ఇప్పటికీ ఆ అర్థంలోనే వాడుతున్నాం.

కానీ జీవశాస్త్రంలో ఈ వాడుక అడుగుపెట్టలేదు. అక్కడ కణానికి ఉన్నది కేంద్రకమే. ‘కేంద్రకపూర్వ కణం’, ‘నిజకేంద్రక కణం’ అని పదో తరగతి దాటిన పిల్లలు కూడా చదువుకుంటారు. కాబట్టి వైద్య పాఠంలో ‘యాంటీ న్యూక్లియర్ యాంటీబాడీ’కి ‘కణ కేంద్రక వ్యతిరేక ప్రతిదేహం’ అనడమే సరైనది. ‘కణ’ అన్న రెండక్షరాలు చేరిస్తే చాలు, బాంబు, రియాక్టరు పాఠకుని మనసులోకి రావు.

జపాను భాష ఈ విషయంలో ఎంత జాగ్రత్త పాటించిందో చెప్పడం నాకు ఇష్టం. అక్కడ ‘కాకు’ అంటే గింజ, కేంద్రకం. అణ్వాయుధాలను వ్యతిరేకించడాన్ని ‘హంకాకు’ అంటారు, రక్త పరీక్షలోని ప్రతిదేహాన్ని ‘కోకాకు కోతాయ్’ అంటారు. కేంద్రకానికి రెండు చోట్లా ఒకే అక్షరం, ముందున్న ఉపసర్గ మాత్రం వేరు. అణు విద్యుత్తును వ్యతిరేకించడానికి అసలు మాటే వేరు, దాన్ని ‘హంగెన్‌పత్సు’ అంటారు. 2011 ఫుకుషిమా ప్రమాదం తర్వాత బాగా వాడుకలోకి వచ్చిన ‘దత్సుగెన్‌పత్సు’కు అణు విద్యుత్తు నుంచి బయటపడటం అని అర్థం. అంటే ఎదిరించడానికి ఒక మాట, క్రమంగా వదిలించుకోవడానికి మరో మాట ఉన్నాయి.

అపోహ: అణ్వాయుధాలను వద్దనేవారందరూ అణు విద్యుత్తును కూడా వద్దంటారు.

వాస్తవం: కలిపి వద్దనేవారు ఉన్నారు, విడదీసి చూసేవారూ ఉన్నారు. అనువాదకుడు మూలంలో ఉన్న హద్దును చెరపకూడదు. 1954 మార్చి 1న బికినీ దీవుల్లో అమెరికా జరిపిన హైడ్రోజన్ బాంబు పరీక్ష బూడిద ఒక జపాను చేపల పడవ మీద పడి, అందులోని 23 మంది రేడియోధార్మికతకు గురయ్యాక, ఆ దేశంలో అణ్వాయుధ వ్యతిరేకత ఇంటింటి ఉద్యమమైంది. అదే దశాబ్దంలో అక్కడివారు అనేకులు అణు విద్యుత్తును ఆశతో స్వాగతించారు. 1956లో ఏర్పడి, 2024లో నోబెల్ శాంతి బహుమతి పొందిన హిడాంక్యో హిరోషిమా, నాగసాకి బాధితుల సంస్థ. దాని ప్రధాన పోరాటం అణ్వస్త్రాల మీద.

న్యూజిలాండ్ 1987లో చేసిన అణు రహిత చట్టాన్ని చాలామంది ‘అణు విద్యుత్తును నిషేధించిన చట్టం’ అని రాస్తుంటారు. ఆ చట్టం నిషేధించినది అణ్వాయుధాలను, ఆ దేశ జలాల్లోకి అణుశక్తితో నడిచే ఓడల ప్రవేశాన్ని. నేల మీద అణు విద్యుత్ కేంద్రం కట్టడాన్ని అది నిషేధించలేదు. ఆస్ట్రియాది మరో రకం కథ. డాన్యూబ్ నది ఒడ్డున జ్వెంటెన్‌డోర్ఫ్‌లో రియాక్టరును పూర్తిగా నిర్మించి, నడపాలా వద్దా అని 1978 నవంబరు 5న ప్రజల్ని అడిగితే 50.5 శాతం మంది వద్దన్నారు. అది ఒక్కరోజు కూడా విద్యుత్తు ఉత్పత్తి చేయలేదు. అయినా అంతర్జాతీయ అణుశక్తి సంస్థ ప్రధాన కార్యాలయం ఈనాటికీ ఆ దేశ రాజధాని వియన్నాలోనే ఉంది.

ఉద్యమ చిహ్నాల్లో కూడా ఈ తేడా ఉంది. వలయంలో మూడు గీతలుండే గుర్తును 1958లో బ్రిటన్‌లో జెరాల్డ్ హోల్టమ్ గీశారు. జెండాలతో సంకేతాలిచ్చే పద్ధతిలో ‘అణు నిరాయుధీకరణ’ అనే ఆంగ్ల మాటల తొలి అక్షరాలు రెంటినీ కలిపి దాన్ని రూపొందించారు. అది ఆయుధాల గురించి. నవ్వే ఎర్రటి సూర్యుడి బిళ్ల 1975లో డెన్మార్క్‌లో పుట్టింది. ‘అణుశక్తి? వద్దండి, కృతజ్ఞతలు’ అని చెప్పే ఆ బిళ్ల విద్యుత్తు గురించి.

అపోహ: అణు ప్రాజెక్టు దగ్గర జరిగే ప్రతి ఆందోళనా అణు వ్యతిరేక ఉద్యమమే.

వాస్తవం: పత్రికల్లో పనిచేసిన రోజుల్లో నేనూ ఈ పొరపాటు చేశాను. తీరప్రాంతం నుంచి వచ్చిన ఒక వార్తకు ‘అణు వ్యతిరేక సభ’ అని శీర్షిక పెట్టాను. మర్నాడు ఆ ఊరి పెద్దాయన ఒకరు ఫోన్ చేసి, ‘బాబూ, కరెంటు వద్దని మేము అనలేదు. వేట వదిలేసి ఎక్కడ బతకాలో చెప్పమన్నాం’ అన్నారు. ఆ మాట నాకు ఇప్పటికీ గుర్తుంది. శ్రీకాకుళం జిల్లా రణస్థలం మండలంలోని కొవ్వాడలో ఒక్కొక్కటి 1,208 మెగావాట్ల చొప్పున 6 రియాక్టర్లు ప్రతిపాదించినప్పుడు వినిపించిన గొంతులన్నీ ఒకటి కావు. అణు విద్యుత్తే ప్రమాదకరమన్నవారు ఉన్నారు, భూమికీ ఇంటికీ న్యాయమైన పరిహారం, పునరావాసం అడిగినవారు ఉన్నారు, సముద్రం మీద తమ హక్కు గురించి మాట్లాడిన మత్స్యకారులు ఉన్నారు. 2019లో నల్లమలలో యురేనియం అన్వేషణ మీద ఆందోళన రేగి, ఆ సెప్టెంబరులో తెలంగాణ శాసనసభ తీర్మానం చేసినప్పుడు ప్రధానంగా వినిపించినవి అడవి, చెంచుల బతుకు, కృష్ణా నీరు, అమ్రాబాద్ పులుల అభయారణ్యం. దాన్ని ‘యురేనియం తవ్వకాల వ్యతిరేక ఆందోళన’ అంటేనే సరిగ్గా ఉంటుంది. వీరందరినీ ‘అణు వ్యతిరేకులు’ అనే ఒక్క మాట కింద చేర్చితే, వాళ్లు అడిగిన ప్రశ్న పాఠకుడికి చేరదు. కొందరికి అది వారు కోరుకోని ముద్ర కూడా అవుతుంది. ఎవరు దేన్ని వద్దంటున్నారో శీర్షికలో రాయడానికి ఒకటి రెండు మాటలు ఎక్కువ పడితే పడనివ్వాలి.

అపోహ: వ్యతిరేక, నిరోధక, నిషేధ, రహిత - ఏది వాడినా ఒకటే.

వాస్తవం: కానే కాదు. 1968లో సంతకాలకు సిద్ధమై 1970లో అమల్లోకి వచ్చినది అణ్వస్త్ర వ్యాప్తి నిరోధక ఒప్పందం. అది అప్పటికే ఆయుధాలున్న అయిదు దేశాలను అలాగే గుర్తించి, ఇతరులకు వ్యాపించకుండా ఆపడానికి ఉద్దేశించినది. శాంతియుత వినియోగ హక్కును అది ఒప్పుకుంటుంది. 2017లో ఆమోదం పొంది 2021 జనవరి 22న అమల్లోకి వచ్చినది అణ్వస్త్ర నిషేధ ఒప్పందం. అది ఆయుధాలను అందరికీ నిషేధిస్తుంది. భారతదేశం రెండింటి మీదా సంతకం చేయలేదు, కానీ రెండింటికీ చెప్పిన కారణాలు ఒకటి కావు. మొదటిదానిలో వివక్ష ఉందన్నది మన ప్రభుత్వ అభ్యంతరం. పదాలు కలిపేస్తే ఆ వాదన అర్థం కాదు.

‘నిరోధక’ విషయంలో మరింత జాగ్రత్త అవసరం. శత్రువు దాడికి వెనుకాడేలా అణ్వాయుధాలను సిద్ధంగా ఉంచుకోవడాన్ని కూడా మనం ‘అణు నిరోధక శక్తి’ అనే అంటున్నాం. 2003లో భారత ప్రభుత్వం ప్రకటించిన అణు విధానంలోని ‘విశ్వసనీయ కనీస నిరోధక శక్తి’ అదే. ఆయుధాల వ్యాప్తిని ఆపడమూ నిరోధమే, ఆయుధాన్ని చూపి ఎదుటివాణ్ని ఆపడమూ నిరోధమే. అందుకే నేను ఒంటరిగా ‘అణు నిరోధక’ అని ఎన్నడూ రాయను. ‘వ్యాప్తి నిరోధక’ అనో, ‘దాడిని నిలువరించే’ అనో విడమరిచి రాస్తాను. ‘వ్యతిరేక’కు కూడా పాత చరిత్ర ఉంది. మన అలంకార శాస్త్రంలో వ్యతిరేకాలంకారం అంటే ఉపమానానికీ ఉపమేయానికీ భేదం చూపడం, వాటిలో పోట్లాట ఏదీ లేదు. ఎదిరించడం అనే అర్థం తర్వాతి వాడుకలో బలపడింది.

అపోహ: ‘న్యూక్లియర్’ ఉన్నచోటల్లా రేడియేషన్ ఉంటుంది.

వాస్తవం: ఎంఆర్ఐ స్కాన్ ఆధారపడేది శరీరంలోని హైడ్రోజన్ పరమాణువుల కేంద్రకాలు అయస్కాంత క్షేత్రంలో ప్రవర్తించే తీరు మీద. అందులో రేడియోధార్మిక పదార్థం గానీ ఎక్స్-రే గానీ లేవు. మొదట్లో దాని పేరులో ‘న్యూక్లియర్’ ఉండేది, రోగులు బెదరకుండా ఉండేందుకు ఆ మాట తీసేశారు. ‘న్యూక్లియర్ మెడిసిన్’ విభాగంలో మాత్రం, ఉదాహరణకు థైరాయిడ్ చికిత్సలో వాడే అయొడిన్-131 వంటి రేడియోధార్మిక పదార్థాలను నిజంగానే వాడతారు.

ఆ కరపత్రం సంగతికి వస్తే, నేను పంపిన సవరణను నిర్ధారణ కేంద్రంలోని వైద్యురాలు చదివి, ఒక మాట మార్చి ఆమోదించారు. ఇప్పుడు ఆ వాక్యం ఇలా ఉంది: ‘మీ రక్తంలో, మీ శరీర కణాల కేంద్రకాలకు అతుక్కునే ప్రతిదేహాలు కనిపించాయి. దీనికీ అణుశక్తికీ, రేడియేషన్‌కూ సంబంధం లేదు. ఆరోగ్యవంతుల్లో కూడా ఇవి కనిపించవచ్చు. మీ లక్షణాలతో కలిపి దీన్ని ఎలా అర్థం చేసుకోవాలో మీ వైద్యులు చెబుతారు.’ ‘ఉన్నట్లు తేలింది’ తీసేసి ‘కనిపించాయి’ పెట్టినది ఆవిడే.