జీబ్రా ప్లీకో పాచి తిని బతకదు

"సక్కర్ ఫిష్షే కదండీ, అద్దం మీద పాచి తిని బతికేస్తుంది." జీబ్రా ప్లీకో అనే చారల అక్వేరియం చేపను కొన్నవాళ్ల దగ్గర పదేపదే వినపడే మాట ఇది. అంత ఖరీదైన చేపను ఎక్కువగా చంపుతున్నదీ ఈ మాటే.

నోరు చూస్తే సక్కర్ ఫిష్ నోరే. తేడా పళ్లలో ఉంది. పాచి గీకే ప్లీకోలకు సన్నటి పళ్లు దువ్వెనలా పదులకొద్దీ ఉంటాయి. దీనికి ఉన్నవి కొన్నే, అవీ మోటువి. 1991లో శాస్త్రవేత్తలు దీని జాతికి పెట్టిన హైపాన్సిస్ట్రస్ అనే పేరుకు అర్థమే 'తక్కువ కొక్కేలు' అని, కొక్కేలంటే ఈ పళ్లే. దీనికి ప్రధానంగా కావలసింది మాంసాహారం.

పస్తు పెడితే వెంటనే చావదు, చిక్కంతా అక్కడే. రాతిని కరుచుకుని ఉంటుంది కాబట్టి పైనుంచి చారలు నిగనిగలాడుతూ కనిపిస్తాయి, పొట్ట కనిపించదు. అద్దానికి అతుక్కున్నప్పుడు అడుగువైపు చూడండి. పొట్ట కాస్త ఉబ్బుగా ఉంటే సరే. గుంట పడిందంటే ఆకలి. కళ్లు కూడా లోపలికి పోయాయంటే బాగా ఆలస్యమైనట్టే. లైటు ఆర్పిన అరగంటకు, అది దాక్కునే గుహ ముందే మేత వేయాలి: ఫ్రోజెన్ బ్లడ్‌వర్మ్స్ (గడ్డకట్టించిన ఎర్ర పురుగులు), ఆర్టీమియా (చిన్న ఉప్పునీటి రొయ్యలు), సన్నగా తరిగిన రొయ్య, మునిగే పెల్లెట్లు. తెల్లారేసరికి మిగలకూడదు. బార్బ్‌ల లాంటి దూకుడు చేపలతో కలిపి పెడితే, ఇది గుహలోంచి తల బయటపెట్టేలోపు అవి ఊడ్చేస్తాయి.

ఇక ఇంకో పొరపాటు, వడిగా పారే నది చేప కాబట్టి చల్లటి నీళ్లు కావాలనుకోవడం. దీని ఊరు బ్రెజిల్‌లోని షింగు నది, ఆల్టమీరా దగ్గరి పెద్ద వంపు. అక్కడి నీళ్లు వెచ్చనివి. ట్యాంకులో 28 నుంచి 30 డిగ్రీలు ఉంచాలి. అయితే లీటరు నీటిలో 25 డిగ్రీల దగ్గర సుమారు 8.2 మిల్లీగ్రాముల ఆక్సిజన్ పడితే, 30 దగ్గర 7.5 మాత్రమే. నీటి వడి కావలసింది ఊపిరి కోసం, చల్లదనం కోసం కాదు. ఫిల్టర్ స్పాంజి పూడితే వడి తగ్గుతుంది. దాన్ని ట్యాంకులోంచి బయటికి తీసిన నీళ్లలో పిండండి, కుళాయి కింద కాదు. మన వేసవి కరెంటు కోతలకు బ్యాటరీ ఎయిర్ పంపు లేకుండా ఈ చేప జోలికి వెళ్లకండి.

కలప ముక్క తప్పనిసరా? కాదు, అది పనాక్ అనే మరో రకం ప్లీకోల తిండి. అడుగు పొడవు పెరుగుతుందా? ఎనిమిది సెంటీమీటర్లు దాటడమే అరుదు. పగలంతా కనిపించడం లేదా? అది దాని స్వభావం, కంగారుపడి రాళ్లన్నీ ఎత్తి వెతకొద్దు. దాక్కునే గుహగా ఒకవైపు మూసిన మట్టి గొట్టం చాలు: పది పన్నెండు సెంటీమీటర్ల పొడవు, మగచేప ఇరుగ్గా దూరేంత వెడల్పు. గుడ్లు పెట్టేదీ అందులోనే, సాధారణంగా పది పదిహేనుకు మించవు. కాపలా తండ్రిదే. ఆ రోజుల్లో టార్చి వేసి తొంగిచూస్తే గుడ్లు బయటికి తోసేయగలదు.

"బ్రెజిల్ నుంచి నేరుగా వచ్చింది, అడవి చేప, అసలు రకం" అని ఎక్కువ ధర చెబితే కొనకండి. 2004 నుంచి ఈ చేప బ్రెజిల్‌లో అంతరించే ముప్పున్న జీవుల జాబితాలో ఉంది. షింగు మీద కట్టిన బెలో మోంటే డ్యామ్ ఆ వంపులో పారాల్సిన నీళ్లలో చాలాభాగాన్ని మళ్లించింది. 2022లో సైటీస్ (ముప్పున్న జీవుల వ్యాపారంపై అంతర్జాతీయ ఒప్పందం) దేశాలు నదిలో పట్టిన చేపల వ్యాపార ఎగుమతి కోటాను సున్నా చేశాయి. అంటే అమ్మేది దొంగ సరుకైనా అయ్యుండాలి, చెప్పేది అబద్ధమైనా అయ్యుండాలి. ట్యాంకులో పుట్టిన మూడు నాలుగు సెంటీమీటర్ల పిల్లలను, ట్యాంకులో పుట్టాయని పెంచినవాళ్లు ఇచ్చిన కాగితంతో తీసుకోండి. డబ్బు ఇచ్చేముందు మేత వేయించి, తింటోందో లేదో చూడండి.