టిన్ నంబరు కావాలి సార్: జీఎస్టీ రిజిస్ట్రేషన్‌పై అపోహలు, వాస్తవాలు

"టిన్ నంబరు తీసుకోవాలి సార్" అంటూ వారానికి ఇద్దరు ముగ్గురైనా మా ఆఫీసుకు వస్తారు. టిన్ అనేది వ్యాట్ కాలం నాటి పదకొండు అంకెల నంబరు. 2017 జులై 1న జీఎస్టీ అమల్లోకి వచ్చాక దాని స్థానాన్ని 15 అక్షరాల జీఎస్టీఐఎన్, అంటే జీఎస్టీ నంబరు, తీసుకుంది. పాత పేరు జనం నోట ఇంకా నలుగుతూనే ఉంది, అందులో తప్పేమీ లేదు. ఆ పేరుతో పాటు వినిపించే కొన్ని నమ్మకాలే నన్ను కలవరపెడతాయి. హైదరాబాద్‌లో చిన్న వ్యాపారుల దరఖాస్తులు నింపడమే నా పని. వాళ్ల కష్టార్జితం తెలియనితనం వల్ల పోవడం చాలాసార్లు చూశాను కాబట్టి ఇది రాస్తున్నాను.

అపోహ: 40 లక్షలు దాటేదాకా నంబరు అక్కర్లేదు

ఇంట్లో ఊరగాయలు పెట్టి అమ్మే ఒక ఆవిడ ఈ మధ్య వచ్చారు. విజయవాడలో బంధువు ఒకాయన కిరాణా కొట్టు నడుపుతున్నారట. "మాకు 40 లక్షల దాకా అడిగేవాళ్లే లేరు, నీకెందుకమ్మా భయం" అని ఆయన ధైర్యం చెప్పారట. ఆయన మాట ఆయన రాష్ట్రంలో నిజమే. సరుకులు మాత్రమే అమ్మేవారికి ఆంధ్రప్రదేశ్‌లో ఏడాది టర్నోవర్, అంటే మొత్తం అమ్మకాల, పరిమితి 40 లక్షల రూపాయలు. 2019లో ఈ పరిమితి పెంచినప్పుడు కొన్ని రాష్ట్రాలు పాత 20 లక్షల దగ్గరే ఉండిపోయాయి, వాటిలో తెలంగాణ ఒకటి. అంటే హైదరాబాద్‌లో సరుకులు అమ్మినా, సేవలు అందించినా, రెండూ చేసినా గీత 20 లక్షలే. అంతర్జాలంలో కనిపించే జీఎస్టీ సలహాల్లో సగం 40 లక్షలనే చెబుతాయి. అవి చదివి నిశ్చింతగా కూర్చున్న కూకట్‌పల్లి వ్యాపారులను, దిల్‌సుఖ్‌నగర్ వ్యాపారులను ఎందరినో చూశాను.

ఆవిడ టర్నోవర్ 20 లక్షలకు చాలా దూరంలో ఉంది. అయినా వెంటనే దరఖాస్తు చేయించాల్సి వచ్చింది. ఆర్డర్లన్నీ ఒక గీతల నోటుపుస్తకంలో రాసుకుంటారామె. పేరు, ఎన్ని కిలోలు, ఆవకాయా గోంగూరా, చివర పిన్‌కోడ్. నేను ఆ చివరి గడి ఒక్కటే వేలు పెట్టి చదువుకుంటూ వెళ్లాను. 500తో మొదలైతే హైదరాబాద్. 560 బెంగళూరు. 600 చెన్నై. 520 విజయవాడ. ఆ పేజీలో 500 కానివే ఎక్కువ. పన్ను పడే సరుకును రాష్ట్రం దాటించి అమ్మితే పరిమితితో సంబంధం లేదు, మొదటి రూపాయి నుంచే రిజిస్ట్రేషన్ తప్పనిసరి. "విజయవాడ కూడానా సార్, అది మా పుట్టిల్లు కదా" అన్నారు. మనసుకు పుట్టిల్లే, కానీ జీఎస్టీ లెక్కలో అది 37, మనది 36. ఇవి ఆంధ్రప్రదేశ్, తెలంగాణ కోడ్‌లు. అక్కడికి అమ్మకానికి వెళ్లే సీసా అంతర్రాష్ట్ర సరఫరాయే.

ఆవిడ అప్పడాలు కూడా చేస్తారు. అప్పడాలకు జీఎస్టీ మినహాయింపు ఉంది. కేవలం అప్పడాలే అమ్మేవారికి నంబరు అవసరమే లేదు. ఊరగాయలూ అప్పడాలూ కలిపి అమ్మేవారికి మాత్రం 20 లక్షల లెక్కలో అప్పడాల డబ్బు కూడా కలుస్తుంది. టర్నోవర్ అంటే పన్ను పడే అమ్మకాలు మాత్రమే కాదు. మినహాయింపు సరుకులు, ఎగుమతులు, ఒకే పాన్ మీద దేశమంతటా ఉన్న వ్యాపారాలు అన్నీ కలిపి చూడాలి. దుకాణం మీద 14 లక్షలు, సొంత మల్గీ అద్దె మీద 7 లక్షలు వచ్చే వ్యక్తి తాను రెండు వేర్వేరు పనులు చేస్తున్నానని అనుకుంటాడు. పాన్ ఒక్కటే కనుక అతను 21 లక్షల దగ్గర ఉన్నాడు.

సేవల సంగతి వేరు. మాదాపూర్‌లో కూర్చుని బెంగళూరు కంపెనీకి డిజైన్లు చేసి ఇచ్చే వ్యక్తికి, రాష్ట్రం దాటినా 20 లక్షల దాకా వెసులుబాటు ఉంది.

గీత దాటిన రోజు నుంచి 30 రోజుల్లో దరఖాస్తు చేయాలి. గడువులో చేస్తే ఆ దాటిన రోజు నుంచే రిజిస్ట్రేషన్ వర్తిస్తుంది. ఆలస్యమైతే నంబరు ఇచ్చిన రోజు నుంచే వర్తిస్తుంది. మధ్యకాలపు అమ్మకాల మీద పన్ను, వడ్డీ మాత్రం వ్యాపారి సొంత జేబులోంచి పోతాయి. ఆ 30 రోజుల విలువ ఎంతో ఆ డబ్బు కట్టినవారికే తెలుసు.

అపోహ: కొట్టు పేరు మీద వేరే పాన్ తీసుకోవాలి

సొంత వ్యాపారమైతే అక్కర్లేదు, తీసుకోకూడదు కూడా. ఒక మనిషికి ఒకే పాన్. రెండోది ఉంటే 10,000 రూపాయల జరిమానా పడుతుంది. కొట్టు పేరు ఏదైనా చట్టం దృష్టిలో ఆ కొట్టు మీరే. భాగస్వామ్య సంస్థకు, ఎల్‌ఎల్‌పీకి (పరిమిత బాధ్యత ఉన్న భాగస్వామ్యానికి), కంపెనీకి మాత్రం విడిగా పాన్ ఉండాలి. మీ పాన్ కార్డు తీసి నాలుగో అక్షరం చూడండి. పి ఉంటే వ్యక్తి, ఎఫ్ ఉంటే భాగస్వామ్య సంస్థ లేదా ఎల్‌ఎల్‌పీ, సి ఉంటే కంపెనీ.

ఇప్పుడు ఏదైనా దుకాణం బోర్డు మీది జీఎస్టీ నంబరు చదవండి. మొదటి రెండు అంకెలు రాష్ట్రం. తర్వాతి పది అక్షరాలు యజమాని పాన్, అక్షరం పొల్లుపోకుండా. పదమూడోది ఆ రాష్ట్రంలో ఆ పాన్ మీద తీసుకున్న ఎన్నో రిజిస్ట్రేషనో చెబుతుంది. పద్నాలుగోది జెడ్. చివరిది సరిచూపు అక్షరం. ఈ నంబరు మీ పాన్ కడుపులోంచే పుడుతుంది. అందుకే ఈ నంబరు చేసే ప్రతి అమ్మకం, ప్రతి బాకీ తిరిగి మిమ్మల్నే చేరుతుంది. కింద రాసినవన్నీ ఈ ఒక్క విషయం మీదే ఆధారపడి ఉన్నాయి.

హైదరాబాద్‌లోనే రెండో దుకాణం తెరిస్తే కొత్త నంబరు అవసరం లేదు, ఉన్న రిజిస్ట్రేషన్‌లో అదనపు చిరునామాగా చేర్చితే చాలు. విజయవాడలో తెరిస్తే మాత్రం 37తో మొదలయ్యే వేరే నంబరు తీసుకోవాలి. అప్పుడు ఇక్కడి సరుకును అక్కడున్న మీ దుకాణానికే పంపినా బిల్లు, పన్ను తప్పవు.

అపోహ: కరెంట్ ఖాతా లేకుండా దరఖాస్తు కుదరదు

బ్యాంకు వాళ్లు జీఎస్టీ సర్టిఫికెట్ తెమ్మంటారు, జీఎస్టీకి బ్యాంకు ఖాతా కావాలని ఎవరో చెబుతారు. ఈ రెంటి మధ్య నెల రోజులు తిరిగినవారున్నారు. దరఖాస్తు సమయంలో ఖాతా వివరాలు తప్పనిసరి కాదు. నంబరు వచ్చాక 30 రోజుల్లోగా, లేదా అమ్మకాల వివరాలిచ్చే మొదటి రిటర్ను (జీఎస్టీఆర్-1) వేసేలోగా, ఏది ముందైతే అప్పటికి ఇవ్వాలి. ఇవ్వకపోతే రిజిస్ట్రేషన్ సస్పెండ్ అవుతుంది. ముందు నంబరు, తర్వాత ఖాతా.

అపోహ: ప్రభుత్వానికి ఫీజు కట్టాలి, లోపల తెలిసినవాళ్లుండాలి

జీఎస్టీ రిజిస్ట్రేషన్‌కు ప్రభుత్వ ఫీజు సున్నా. చిన్న పరిశ్రమల ఉద్యమ్ నమోదు కూడా ఉచితమే. మాలాంటివారు తీసుకునేది మా పనికి ప్రతిఫలం. దానిని "గవర్నమెంట్ ఫీజు" అని ఎవరైనా చెబితే రసీదు అడగండి.

పైరవీ కూడా అవసరం లేదు. పాన్, ఫోను, ఈమెయిల్ ఇస్తే తాత్కాలిక దరఖాస్తు నంబరు వస్తుంది, అది 15 రోజులు పనిచేస్తుంది. ఆలోపు మిగతా దరఖాస్తు పూర్తిచేసి ఆధార్ ధ్రువీకరణ చేయాలి. కొందరిని వేలిముద్రల కోసం సేవా కేంద్రానికి రమ్మంటారు. అలా పిలుపు వచ్చినంత మాత్రాన మీ మీద అనుమానం పడ్డారని కంగారు పడకండి, వెళ్లి రండి. 2025 నవంబరు 1 నుంచి, ప్రమాదం తక్కువని వ్యవస్థ తేల్చిన దరఖాస్తులకు మూడు పనిదినాల్లోనే నంబరు ఇచ్చే పద్ధతి వచ్చింది. మిగతావాటికి మామూలుగా ఏడు పనిదినాలు, ప్రాంగణం తనిఖీ అవసరమైతే 30 రోజులు. అధికారి ప్రశ్న పంపితే ఏడు పనిదినాల్లో జవాబివ్వాలి. నా అనుభవంలో తిరస్కరణల్లో ఎక్కువ భాగం జవాబే ఇవ్వకపోవడం వల్ల జరిగినవి.

ఆ ప్రశ్నలు ఎక్కువగా చిరునామా మీదే వస్తాయి. మన నగరంలో ఇంటి నంబర్ల సంగతి తెలిసిందే. కరెంటు బిల్లు మీద పాత నంబరు, జీహెచ్‌ఎంసీ ఆస్తిపన్ను రసీదు మీద కొత్త నంబరు, అద్దె ఒప్పందంలో ప్లాటు నంబరు. మీటరేమో ఎప్పుడో కాలం చేసిన ఇంటి యజమాని తండ్రి పేరు మీద ఉంటుంది. మీకు మూడూ ఒకటే ఇల్లని తెలుసు, కాగితం చూసే అధికారికి తెలియదు. అద్దె ఒప్పందం రాయించుకునే రోజే కరెంటు బిల్లు పక్కన పెట్టుకుని అందులోని చిరునామా అక్షరం అక్షరం దించండి. పాత నంబరు, కొత్త నంబరు రెండూ ఉంటే రెండూ రాయించండి. ఈ పది నిమిషాల పని చేస్తే దరఖాస్తు వారాల పాటు ఆగదు.

"ఇంటి ఓనరు ఆధార్, పాన్, ఫొటో ఇవ్వనంటున్నారు" అని బాధపడేవారికి ఒక మంచి మాట. కేంద్ర పరోక్ష పన్నుల బోర్డు 2025 ఏప్రిల్‌లో తన అధికారులకు స్పష్టమైన సూచనలు ఇచ్చింది. యజమాని పాన్, ఫొటోలాంటి అదనపు పత్రాలు అడగొద్దని చెప్పింది. ఒప్పందం రిజిస్టర్ అయి ఉంటే ఒప్పందం, యజమాని హక్కు చూపే ఒక పత్రం, అంటే కరెంటు బిల్లో ఆస్తిపన్ను రసీదో చాలు. రిజిస్టర్ కానిదైతే యజమాని గుర్తింపు పత్రం ఒకటి జతచేయాలి.

అపోహ: ఫోను నంబరు ఎవరిదైతేనేం

ఈ ఒక్క గడి విషయంలో నేను ఎవరి మొహమాటానికీ లొంగను. దరఖాస్తులో యజమాని ఫోను, యజమాని ఈమెయిల్ ఉండాలి. నాది కాదు, మీ మేనల్లుడిది కాదు.

టైల్స్ అమ్మే ఒకాయన ఒకరోజు మధ్యాహ్నం భోజనం కూడా మానేసి పరుగున వచ్చారు. సరుకు పంపాల్సిన టోకు వ్యాపారి ఫోను చేసి "మీ నంబరు రద్దయినట్టు చూపిస్తోంది, పాత రేటుకు ఇవ్వలేం" అన్నాడట. వెతికితే తేలింది ఇది. దరఖాస్తు వేసిన కన్సల్టెంట్ తన ఫోను నంబరే ఇచ్చాడు, తర్వాత ఊరు మారాడు. రిటర్నులు ఆగిపోయాయి. నెలవారీ రిటర్నులు ఆరు నెలలు వరసగా వేయకపోతే రిజిస్ట్రేషన్ రద్దు చేసే అధికారం శాఖకు ఉంది. నోటీసు ఈమెయిల్‌కు, పోర్టల్‌కు వచ్చింది. చట్టం ప్రకారం అది ఆయనకు అందినట్టే. కానీ ఆయన కళ్లకు ఎన్నడూ కనబడలేదు. పాస్‌వర్డ్ మార్చుకుందామంటే ఓటీపీ ఎవరికో వెళుతోంది.

ఇలాంటి చిక్కులో ఉన్నవారికి దారి ఉంది. గుర్తింపు పత్రాలతో మీ పరిధిలోని పన్ను అధికారిని కలిస్తే ఈమెయిల్, ఫోను మార్చి ఇస్తారు. రద్దు ఉత్తర్వు అందిన 90 రోజుల్లో పునరుద్ధరణకు దరఖాస్తు చేయవచ్చు, తగిన కారణం చూపితే మరో 180 రోజుల దాకా పొడిగించే వీలుంది. ముందు పెండింగు రిటర్నులన్నీ వేయాలి, పన్ను, వడ్డీ, ఆలస్య రుసుము కట్టాలి. ఆ టైల్స్ ఆయన కట్టారు. కట్టేటప్పుడు ఆయన చెయ్యి వణకడం నాకింకా గుర్తుంది.

అపోహ: తీసుకుని పక్కన పెడితే నష్టమేముంది

వ్యాపారం లేని నెలకు కూడా నిల్ రిటర్ను వేయాలి. వేయకపోతే పన్ను లెక్క చూపే రిటర్ను జీఎస్టీఆర్-3బీకి ఆలస్య రుసుము రోజుకు 20 రూపాయలు, ఒక రిటర్నుకు గరిష్ఠంగా 500. పనిలేని నంబరును రద్దు చేయించుకోండి. రద్దయ్యాక మూడు నెలల్లో తుది రిటర్ను వేయడం మరచిపోవద్దు. అది మరచిపోయి నోటీసులు అందుకునేవారు చాలామంది.

ఇంకో మాట, జీఎస్టీ ఉంటే టాన్ అవసరం లేదనుకోవద్దు. జీతాల్లోంచో, ఇతర చెల్లింపుల్లోంచో టీడీఎస్, అంటే ముందుగానే ఆదాయపు పన్ను, కోయాల్సి వస్తే టాన్ అనే ఆ నంబరు విడిగా తీసుకోవాలి. హైదరాబాద్ పరిధిలో ఆ నంబరు హెచ్‌వైడీతో మొదలవుతుంది.

అపోహ: నా పేరు మీద వేరేవాళ్లు తీసుకుంటే నాకేం

పార్సిళ్లు చేరవేసే ఒక కుర్రాడు నోటీసు ప్రింటు మడిచి చొక్కా జేబులో పెట్టుకొని వచ్చాడు. "అన్నా, నాకు బండి తప్ప ఏమీ లేదు, ఇన్ని లక్షలు కట్టమంటున్నారు" అన్నాడు. లోను ఇప్పిస్తామంటే ఆధార్, పాన్, ఒక కరెంటు బిల్లు ఇచ్చాడు, ఫోనుకు వచ్చిన ఓటీపీ చదివి చెప్పాడు. ఆ కాగితాలతో అతని పేరిట ఒక సంస్థ పుట్టింది. సరుకు కదలకుండా బిల్లులు మాత్రమే కదిలాయి. దొంగ బిల్లులతో పన్ను క్రెడిట్ (కొనుగోళ్ల మీద కట్టిన పన్నుకు దొరికే తగ్గింపు) మళ్లించడం నేరం. మొత్తం 5 కోట్లు దాటితే ఐదేళ్ల దాకా జైలు. పాన్ అతనిది కాబట్టి మొదట వెతికేది అతన్నే. నెలకు ఇంత ఇస్తామని అడిగి మరీ కాగితాలు తీసుకునేవారూ ఉన్నారు. ఎంత దగ్గరివారు అడిగినా ఇవ్వకండి.

జీఎస్టీ పోర్టల్‌లో పాన్‌తో వెతికే సదుపాయం ఉంది, లాగిన్ కూడా అక్కర్లేదు. మీ పాన్, మీ ఇంట్లోవాళ్ల పాన్, మీ దగ్గర పనిచేసే పిల్లల పాన్ వేసి చూడండి. తెలియని నంబరు కనిపిస్తే దాని ఎదుట చూపే పన్ను పరిధి రాసుకోండి, ఆ కార్యాలయానికి రాతపూర్వకంగా ఫిర్యాదు ఇవ్వండి, పోలీసులకూ ఇవ్వండి, రెండు చోట్లా అందినట్టు ముద్ర వేయించుకోండి. ఆ కుర్రాడి ఫిర్యాదు మేమిద్దరం కలిసే రాశాం. విచారణ ఇంకా నడుస్తోంది. పిలిచిన ప్రతి తేదీకి డ్యూటీ మానుకుని అతను వెళ్లివస్తున్నాడు.