తల్లిని ఎవులు లెక్కెడతారు?

కళింగపట్నంలో వంశధార సముద్రంలో కలిసే చోటికి కాస్త ఇవతల, ఓ ఫిబ్రవరి తెల్లవారుజామున ఇసుకలో నడుస్తున్నాను. రాత్రి గుడ్లు పెట్టడానికి ఒడ్డుకొచ్చిన ఆలివ్ రిడ్లే తాబేళ్ల జాడలు లెక్కపెట్టి నోట్‌బుక్‌లో రాసుకోవడం ఆ సీజన్‌లో నా అలవాటు. జాడను పోల్చుకోవడం తేలికే. చిన్న ట్రాక్టర్ ఒకటి నీళ్లలోంచి పైకొచ్చి, ఒకచోట కాసేపు తిరిగి, మళ్లీ నీళ్లలోకి దిగిపోయినట్టు ఉంటుంది. మూడు జాడలు రాసుకున్నాక అల తగిలే చోట చచ్చిన తాబేలు కనిపించింది. డిప్ప దాదాపు మూడు జానలుంది. మెడ ఉబ్బింది. కళ్ల దగ్గర చిన్న పీతలు తిరుగుతున్నాయి. తోక డిప్ప దాటి బయటికి రాలేదు, అంటే ఆడది. మగదైతే పొడుగాటి తోక బయటికి కనిపిస్తుంది.

దాన్ని దాటేసి నాలుగో జాడ వెతుక్కుంటుంటే, పడవ నీడలో వల బాగుచేసుకుంటున్న పెద్దాయన తలెత్తి అడిగాడు: "గుడ్లయితే లెక్కెడతన్నారు. మరి తల్లిని ఎవులు లెక్కెడతారు బాబూ?"

నా దగ్గర జవాబు లేదు. జంతువుల జనాభా గురించి చదవాలనుంది, ఎక్కడ మొదలుపెట్టమంటారని కుర్రాళ్లెవరైనా అడిగితే, ఇప్పుడు ముందు ఆ ప్రశ్న చెప్పి ఆ తర్వాతే పుస్తకాల పేర్లు చెప్తున్నాను. ప్రశ్నేదీ మనసులో లేకుండా దిగితే ఈ శాస్త్రం గ్రాఫులూ ఫార్ములాలుగా మాత్రమే కనిపించి విసుగు పుట్టిస్తుంది.

మొదటి పుస్తకం కొనక్కర్లేదు. ఇంటర్ జీవశాస్త్ర పాఠ్యపుస్తకాల్లో జీవావరణం గురించిన పాఠం ఉంటుంది. మార్కుల కోసం బట్టీపట్టి వదిలేస్తాం గానీ, మొత్తం విషయానికి పునాది అక్కడే ఉంది. ఒక చోట ఒక జాతి జంతువుల సంఖ్య మారాలంటే దారులు నాలుగే: పుట్టడం, చావడం, బయటి నుంచి రావడం, బయటికి పోవడం. సిక్కోలు (శ్రీకాకుళం) వాళ్లకు ఈ సంగతి విడమరిచి చెప్పక్కర్లేదు. మా తీరంలో చాలా మత్స్యకార గ్రామాల్లో మగవాళ్లు గుజరాత్‌లోని వెరావల్ బోట్ల మీదికి పనికి పోతారు. సీజన్లో ఊళ్లో మనుషులు తగ్గారంటే ఏదో రోగం వచ్చిందని ఎవరూ అనుకోరు, వలస పోయారని అందరికీ తెలుసు. పక్షుల దగ్గరికొచ్చేసరికి మాత్రం మనం ఆ తేడా మర్చిపోతాం. ఈసారి తక్కువ కనిపించాయి, కాబట్టి చచ్చిపోయాయి అనేస్తాం.

టెక్కలి దగ్గర తేలినీలాపురం వెళ్లినవాళ్లకు ఇది బాగా అర్థమవుతుంది. సెప్టెంబరు నుంచి మార్చి దాకా అక్కడి చెట్ల మీద పెలికాన్లు, పెయింటెడ్ స్టార్కులు గూళ్లు పెట్టి పిల్లల్ని పెంచుతాయి. కొమ్మలు, ఆకులు, కింద నేల అంతా రెట్టతో సున్నం కొట్టినట్టు తెల్లగా ఉంటుంది. పెద్ద పెలికాన్ చేపలు మింగి వచ్చి గూటి అంచున వాలుతుంది. పిల్ల తన తలను తల్లి నోట్లోకి, ఆ గొంతు సంచిలోకి పూర్తిగా దూర్చేసి తింటుంది. మొదటిసారి చూసినప్పుడు పిల్లనే మింగేస్తోందేమోనని భయపడ్డాను.

ఈ పెలికాన్లను సైబీరియా పక్షులని పేపర్లలో, టీవీలో చెప్తుంటారు. ఊళ్లోవాళ్లు కూడా ప్రేమగా అలాగే అంటారు. నిజానికి ఇది మన ప్రాంతపు జాతి. ముక్కు మీద మచ్చలుండే ఈ పెలికాన్ భారత్, శ్రీలంక, కంబోడియా దేశాల్లో గూళ్లు కడుతుంది. పేరు మారితే ఏమైందిలే అని కొట్టిపారేయకూడదు. సైబీరియా నుంచి చుట్టపుచూపుగా వచ్చే పక్షి తగ్గితే, ఆ కారణం ఎక్కడో మంచులో ఉందనుకుని ఊరుకుంటాం. ఇక్కడే పుట్టే పక్షి తగ్గితే తేలినీలాపురం చింతచెట్టు గురించి, నౌపడ చిత్తడి నేలల్లోని చేపల గురించి అడగాలి. ఇచ్ఛాపురం దగ్గర తేలుకుంచికి వచ్చే ఓపెన్‌బిల్ కొంగలైతే నత్తల మీద బతుకుతాయి. వాటి కథ పొలం గట్ల దగ్గర మొదలవుతుంది.

బయటికి పోయే దారి ఎంత పొడుగ్గా ఉండగలదో ఈమధ్యే తెలిసింది. 2021లో ఒడిశా తీరంలో ట్యాగ్ వేసిన ఆలివ్ రిడ్లే ఒకటి 2025లో మహారాష్ట్రలోని గుహాగర్ బీచ్‌లో గుడ్లు పెట్టింది. రెక్కకున్న ఆ చిన్న లోహపు ముక్క లేకపోతే ఒడిశా లెక్కలో అది చచ్చినదాని కిందే జమ.

తర్వాత చదవాల్సింది చార్లెస్ ఎల్టన్ 1927లో రాసిన 'యానిమల్ ఎకాలజీ'. పాతదని పక్కన పెట్టకండి, భాష చాలా తేట. ఎవరు ఎవరిని తింటారన్న ఆహారపు గొలుసు, గొలుసులో పైకి వెళ్లేకొద్దీ సంఖ్య ఎందుకు తగ్గిపోతుందన్న వివరణ, రెండూ అందులో చక్కగా ఉంటాయి. ఎల్టన్‌లో నాకు బాగా నచ్చేది మరొకటి. కెనడాలో తోళ్ల వ్యాపారం చేసే హడ్సన్స్ బే కంపెనీ పాత ఖాతా పుస్తకాలు తిరగేసి, లింక్స్ అనే అడవిపిల్లి సంఖ్య సుమారు పదేళ్లకోసారి పెరిగి పడిపోతోందని చూపించాడు. షావుకారు చిట్టాలోంచి శాస్త్రం తీశాడన్నమాట. మన రేవుల్లో ఏ రోజు ఏ చేప ఎన్ని బుట్టలు పడిందో రాసిపెట్టుకున్న పాత నోట్‌బుక్కులు ఎవరింట్లోనైనా ఉంటే, దయచేసి పారేయకండి.

పెరుగుదల ఎక్కడ ఆగుతుందన్న దానికి బెల్జియం గణితవేత్త వెర్హుల్స్ట్ 1838లోనే ఒక సూత్రం రాశాడు. చెరువు లెక్కలో చెప్తాను. పదివేల చేపలు బతకగల చెరువులో వంద చేపలే ఉంటే పిల్లల్ని పెట్టేవి తక్కువ, కాబట్టి పెరుగుదల కూడా తక్కువ. తొమ్మిదివేల తొమ్మిదివందలు ఉంటే మేత చాలదు, పెరుగుదల మళ్లీ తక్కువే. సరిగ్గా సగం, అంటే ఐదువేలు ఉన్నప్పుడు ఏటా కొత్తగా చేరేవి అన్నిటికంటే ఎక్కువ. చేప తరగకుండా ఏటా వీలైనంత ఎక్కువ పట్టుకోవాలంటే చెరువును ఆ సగం దగ్గర ఉంచుకోవాలన్న ఆలోచన ఇక్కడి నుంచే వచ్చింది. చెరువులో ఎన్ని పడతాయో కచ్చితంగా తెలిస్తే మంచిదే. సముద్రంలో అది తెలియదు. లెక్క తప్పినచోట కోలుకోవడం ఎంత కష్టమో న్యూఫౌండ్‌లాండ్ కాడ్ చేప చెప్తుంది. 1992లో కెనడా ఆ వేటను ఆపేయాల్సి వచ్చింది.

ప్రకృతిలోనూ సంఖ్య ఆ హద్దు దగ్గర బుద్ధిగా ఆగదు. బేరింగ్ సముద్రంలోని సెయింట్ మాథ్యూ దీవిలో 1944లో 29 రెయిన్‌డీర్లను వదిలారు. తోడేళ్లు లేవు, మేయడానికి లైకెన్ అనే నాచులాంటి మేత దట్టంగా ఉంది. 1963 నాటికి అవి 6,000 అయ్యాయి. 1966లో వెళ్లి చూస్తే 42 మిగిలాయి, వాటిలో మగది ఒక్కటే.

1954లో రెండు పెద్ద పుస్తకాలు వచ్చాయి, ఒకదానికొకటి ఎదురు నిలబడేవి. ఆక్స్‌ఫర్డ్‌లో పక్షుల్ని చదివిన డేవిడ్ లాక్, గుంపు చిక్కబడేకొద్దీ తిండి చాలక చావులు పెరుగుతాయని, సంఖ్యను అదుపులో ఉంచేది అదేనని వాదించాడు. ఆస్ట్రేలియాలో పురుగుల్ని చదివిన ఆండ్రూవార్థా, బిర్చ్ ఇద్దరూ వాతావరణమే పెద్ద పాత్ర పోషిస్తుందన్నారు. ఎండ, వాన, చలి గుంపు చిన్నదా పెద్దదా అని చూడవు కదా. ఈ తగువు ఉద్దానం రైతుకి చెప్తే రెండు నిమిషాల్లో పట్టేస్తాడు. 2018 అక్టోబరు 11న తిత్లీ తుపాను పలాస దగ్గర తీరం దాటినప్పుడు కొబ్బరి, జీడి తోటలు పడిపోయాయి. గాలి తోటలో ఎన్ని చెట్లున్నాయని అడగలేదు. అదే తెగులైతే, మొక్కలు దగ్గరదగ్గరగా ఉన్న తోటలో త్వరగా పాకుతుంది. రెండూ నిజమే. ఏ జాతికి ఏది ఎక్కువ నిజమో తేల్చుకోవడమే పని. రెండిట్లో ముందు లాక్‌ని చదవండి, చదివించే గుణం ఆయన రాతలో ఎక్కువ.

రాబర్ట్ మే 1976లో నేచర్ పత్రికలో రాసిన చిన్న వ్యాసాన్ని ఫోన్ కాలిక్యులేటర్ పక్కన పెట్టుకుని చదవాలి. జనాభాను 0కీ 1కీ మధ్య అంకె అనుకోండి. 0.2తో మొదలుపెట్టండి. దాన్ని 1లోంచి తీసేయండి, వచ్చినదాన్ని మళ్లీ 0.2తో, ఆ తర్వాత పెరిగే వేగం అనుకునే 2.8తో గుణించండి. వచ్చిన జవాబుతో మళ్లీ అదే చేయండి. ఒక ముప్ఫై సార్లయ్యేసరికి 0.64 దగ్గర కుదురుకుంటుంది. 2.8 బదులు 3.2 పెడితే ఒక ఏడాది 0.51, మరుసటి ఏడాది 0.80, అలా ఊగుతూనే ఉంటుంది. 3.9 పెట్టారా, ఇక పద్ధతంటూ ఉండదు. తుపాను లేదు, వేట లేదు, ఉన్నది ఒక్క గుణకారమే. ఇది చేసి చూశాక, ఒక్క ఏడాది లెక్క చూసి పక్షులు తగ్గిపోతున్నాయనో పెరిగిపోతున్నాయనో హెడ్డింగ్ పెట్టడానికి నాకు చెయ్యి రావడం లేదు.

అసలు విషయానికి వస్తాను. పెద్దాయన ప్రశ్నకు జవాబు నాకు దొరికింది 1987లో ఎకాలజీ అనే పత్రికలో వచ్చిన ఒక పరిశోధనా వ్యాసంలో. డెబొరా క్రౌజ్, లారీ క్రౌడర్, హాల్ కాస్‌వెల్ రాశారు. అమెరికా ఆగ్నేయ తీరంలో లాగర్‌హెడ్ అనే సముద్ర తాబేళ్లు తగ్గిపోతున్నాయి. అప్పటిదాకా అందరి దృష్టీ గుడ్ల మీదే. గూళ్లకు కాపలా కాయడం, పిల్లల్ని నీళ్లలోకి వదలడం. కంటికి కనిపించే పని, మనసుకు తృప్తినిచ్చే పని. ఈ ముగ్గురూ తాబేలు జీవితాన్ని గుడ్డు, చిన్న పిల్ల, పెద్ద పిల్ల, ఎదుగుతున్నది, గుడ్లు పెట్టేది, ఇలా ఏడు దశలుగా విడగొట్టారు. ఒక్కో దశలో ఎన్ని బతుకుతాయో పట్టికలో వేసి, ఏ దశలో చావులు తగ్గిస్తే మొత్తం సంఖ్య ఎలా మారుతుందో లెక్కకట్టారు.

గుడ్లు నూటికి నూరూ పిల్లలై బతికినా, ఆ లెక్కలో జనాభా తగ్గుతూనే ఉంది. అదే పెద్ద పిల్లల దశలో చావులు తగ్గిస్తే జనాభా నిలదొక్కుకుని పైకి లేచింది. రొయ్యల కోసం బోట్లు ఈడ్చుకుపోయే ట్రాల్ వలల్లో ఎక్కువగా చిక్కేవి ఆ పెద్ద పిల్లలు, వాటి తర్వాతి దశలవే. రాబోయే తరాలకు ఒక గుడ్డు అందించే వాటాను 1 అనుకుంటే, గుడ్లు పెట్టే వయసుకొచ్చిన ఆడతాబేలు వాటా 500 దాటింది. ఎందుకో కాస్త ఆలోచిస్తే తెలుస్తుంది. గుడ్డు ఆ వయసుకు రావాలంటే కుక్కల్ని, పీతల్ని, పెద్ద చేపల్ని, ఎన్నో ఏళ్ల సముద్రాన్ని దాటాలి. అవన్నీ దాటేసిన తాబేలు ఇంకా ఎన్నో సీజన్లు ఒడ్డుకొచ్చి, వచ్చినప్పుడల్లా వంద దాకా గుడ్లు పెట్టగలదు. నేను దాటేసి వెళ్లిపోయింది అలాంటిదాన్ని.

ఈ అంకెలు లాగర్‌హెడ్‌వి, మన ఆలివ్ రిడ్లేవి కావు. అంకె మారవచ్చు. కానీ ఆలస్యంగా ఈడుకొచ్చి, ఎక్కువ కాలం బతికి, లెక్కలేనన్ని గుడ్లు పెట్టే ఏ జంతువుకైనా ఈ తర్కం వర్తిస్తుంది.

తాబేలు ఊపిరి తీసుకోవడానికి నీటి పైకి రావాల్సిందే. ట్రాల్ వల గంటల తరబడి నీటి అడుగున సాగుతుంది. అందులో చిక్కితే చేపలా బతకలేదు, మునిగిపోయి చస్తుంది. వల మెడ దగ్గర ఇనుప కడ్డీల జల్లెడ, పైనో కిందో ఒక తలుపు పెడితే రొయ్యలు సంచిలోకి పోతాయి, తాబేలు తలుపులోంచి బయటపడుతుంది. దీన్నే టెడ్ అంటారు. కొంత చేప కూడా ఆ తలుపులోంచి పోతుందన్న బోటువాళ్ల బాధ నిజమైనదే. డీజిల్ ఖర్చు భరించేది వాళ్లు. ఆ నష్టం ఎవరు పూడుస్తారన్నది తేల్చకుండా వాళ్లను తప్పుపట్టడం నాకిష్టం లేదు.

తూర్పు తీరంలో మర బోట్లకు ఏటా 61 రోజుల వేట నిషేధం ఉంది, ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా. చేపలు గుడ్లు పెట్టే కాలమని పెట్టిన నియమం. మన ఒడ్డుకు తాబేళ్లు వచ్చేది మాత్రం జనవరి నుంచి. నిషేధం మొదలయ్యేసరికి తల్లులు రావడం, వలల్లో పడడం చాలామటుకు అయిపోతుంది. పొరుగున ఒడిశా దీన్ని గమనించి దేవి, ధామ్రా, ఋషికుల్య నదీముఖాల దగ్గర నవంబరు 1 నుంచి మే 31 దాకా విడిగా నిషేధం పెట్టింది. ఋషికుల్య మన ఇచ్ఛాపురానికి ఎంతో దూరం లేదు. అక్కడ గుంపులుగా చేరే తాబేళ్లకు రాష్ట్రాల సరిహద్దు తెలియదు.

అటవీశాఖ, స్వచ్ఛంద సంస్థలు మన తీరంలో నడిపే హేచరీలు (గుడ్లను కాపాడి పొదిగించే చోట్లు) ఆపమని నేననడం లేదు. కుక్కలు, నక్కలు తవ్వి తినేసే గూళ్లను కాపాడుకోవాల్సిందే. 45 నుంచి 60 రోజుల తర్వాత ఇసుక కదిలి, అరచేతిలో ఇమిడిపోయేంత చిన్న పిల్లలు సముద్రం వైపు పాకుతుంటే చూసిన బడిపిల్లలు ఆ రోజును మర్చిపోరు. ఆ పిల్లలకే రెండో లెక్క కూడా నేర్పాలి.

ఆ ఏడాది నుంచి నా నోట్‌బుక్‌లో పేజీ మధ్యన గీత గీశాను. ఎడమవైపు జాడలు. కుడివైపు ఒడ్డుకు కొట్టుకొచ్చిన తాబేళ్లు: తేదీ, చోటు, డిప్ప పొడవు, తోక పొట్టిదా పొడుగుదా. టైలరు దగ్గర కొన్న టేపు జేబులో ఉంటుంది. పెద్దాయన మరుసటి సీజన్‌లో కనిపించినప్పుడు ఆ పేజీ చూపించాను. కుడివైపు వేలు పెట్టి ఒక్కొక్కటే మెల్లగా లెక్కపెట్టుకుని, బందరువానిపేట వైపు ఇంకో రెండు పడున్నాయి బాబూ, అవి రాయలేదు అన్నాడు.