రూట్స్ రెగె: పాత యంత్రాల గురించిన అపోహ, మరికొన్ని

అపోహ: జమైకాలో పుట్టిన రూట్స్ రెగె అనే సంగీత శైలి ధ్వని 1970ల నాటి టేపు యంత్రాలలోనే ఉంది, అవి లేకుండా ఇప్పుడు చేసిన ఆల్బమ్‌లో ఆ నిండుదనం రాదు.

పాటలు మిక్స్ చేయించుకోవడానికి మా స్టూడియోకు వచ్చే కుర్రవాళ్ల నోట నేను పదేపదే వినే మాట ఇది. వాళ్ల చేత అప్పులు చేయించి, పాతకాలపు ప్రీఆంపులు (మైకు సంకేతాన్ని పెంచే పరికరాలు), ప్లగిన్లు (రికార్డింగు సాఫ్ట్‌వేర్‌కు జోడించే ప్రోగ్రాములు) కొనిపిస్తున్నదీ ఇదే.

వాస్తవం: ఇంగ్లండ్‌లోని బర్మింగ్‌హామ్ నగరంలో, హ్యాండ్స్‌వర్త్ అనే పేటలో 1975లో పుట్టిన రెగె బృందం స్టీల్ పల్స్ తొలి ఆల్బమ్ 'హ్యాండ్స్‌వర్త్ రెవల్యూషన్' 1978లో వచ్చింది. అంతకు ముందరి ఆల్బమ్ వచ్చిన 15 ఏళ్లకు, 2019లో వారి 'మాస్ మానిప్యులేషన్' వెలువడింది. తొలి ఆల్బమ్‌కు, దీనికి నడుమ గడిచిన 41 ఏళ్లలో రికార్డింగు పద్ధతులు ఆసాంతం మారిపోయినా, ఒకదాని వెంట ఒకటి వింటే ఆ బృందం నడక వెంటనే గుర్తుపట్టవచ్చు. ఎందుకంటే ఈ సంగీతపు బలం వాయించే చేతిలోను, వాయించకుండా విడిచిపెట్టే చోటులోను ఉంది. వన్ డ్రాప్ అనే రెగె తాళంలో కిక్ (కాలితో వాయించే పెద్ద డ్రమ్) నాలుగు బీట్లలో మొదటిదాన్ని ఖాళీగా వదిలి మూడో బీటు మీద స్నేర్‌తో (కర్రలతో వాయించే చిన్న డ్రమ్) కలిసి పడుతుంది. స్కాంక్ అనే గిటారు మీటు రెండో, నాలుగో బీట్ల మీద పొట్టిగా మోగి ఠక్కున ఆగుతుంది. బేస్ గిటారు ఆ ఖాళీలను చూసుకుంటూ నడుస్తుంది. ఈ ఖాళీలు నిలవకపోతే ఏ యంత్రమూ వాటిని తెచ్చిపెట్టలేదు.

"నా గిటారే మంచిది కాదేమో సార్, అమ్మేయమంటారా?" అని ఒక అబ్బాయి దిగులుగా అడిగాడు. మెట్రోనోమ్ (లయ తప్పకుండా టిక్కుమనే పరికరం) పెట్టి, తీగలు మీటిన మరుక్షణమే ఎడమచేతి వేళ్ల ఒత్తిడి సడలించి నాదాన్ని ఆపమన్నాను. సాయంత్రానికి అదే చవక గిటారు, అదే మైకు అతను కోరుకున్న ధ్వనినిచ్చాయి. అలాంటి పిల్లలను భయపెట్టి వస్తువులు కొనిపించే వదంతులంటే నాకు ఏమాత్రం ఓపిక లేదు.

స్టీల్ పల్స్ గురించి వినిపించే మరికొన్ని ఇవి. అపోహ: ఆ బృందం తొలి సభ్యులు చాలామంది వెళ్లిపోయాక మిగిలేది పేరు మాత్రమే. వాస్తవం: ముఖ్య గాయకుడు, రచయిత అయిన డేవిడ్ హైండ్స్, కీబోర్డు వాయించే సెల్విన్ బ్రౌన్ 2019లోనూ ఉన్నారు.

అపోహ: సొంత పాటలు కరువై 'మాస్ మానిప్యులేషన్'లో వేరొకరి పాట 'హయ్యర్ లవ్' పాడారు. వాస్తవం: 1986లో ఆ పాటను వినిపించిన స్టీవ్ విన్‌వుడ్ జన్మస్థలం కూడా హ్యాండ్స్‌వర్తే, తమ పేటవాడి పాటను వీరు రాస్తా (జమైకాలో పుట్టిన మత విశ్వాసం) ప్రేమగీతంగా మలచుకున్నారు.

అపోహ: గ్రామీ (అమెరికా సంగీత పురస్కారం) నామినేషన్ వచ్చినా బహుమతి రాలేదు కనుక 'మాస్ మానిప్యులేషన్' బలహీనం. వాస్తవం: బహుమతి వాదనకు విలువ ఉందనుకుంటే, తమ పాత ఆల్బమ్ 'బాబిలోన్ ది బాండిట్'కు ఆ గ్రామీని వీరు 1987లోనే అందుకున్నారు.

అపోహ: 'మాస్ మానిప్యులేషన్'లో బేస్ పలచన. వాస్తవం: బేస్ గిటారు అడుగు తీగ దాదాపు 41 హెర్ట్జ్ (సెకనుకు 41 కంపనాలు) వద్ద మోగుతుంది, ఫోను స్పీకరు అంత కిందికి దిగలేదు. తీర్పు చెప్పే ముందు దయచేసి మంచి హెడ్‌ఫోన్లలో వినండి.