స్పాన్సర్ పేరే జట్టుకు ఇంటిపేరు: ఆర్కేయా మూతపడటం వెనుక ఇరవై ఏళ్ల కథ

2025 సీజన్‌తో ఫ్రాన్స్‌లో ఆర్కేయా-బీ అండ్ బీ హోటల్స్ సైక్లింగ్ జట్టు కథ ముగిసింది. పురుషుల జట్టు, మహిళల జట్టు, కుర్రాళ్లను తయారుచేసే జట్టు మూడూ ఒకేసారి పోయాయి. ఇద్దరు ప్రధాన స్పాన్సర్ల ఒప్పందాలూ ఆ ఏడాది చివరికి పూర్తయ్యాయి. ఇద్దరూ పొడిగించలేదు. మేనేజర్ ఇమాన్యుయెల్ హ్యూబేర్ కొత్త స్పాన్సర్ కోసం ఎంత తిరిగినా ఎవరూ ముందుకు రాలేదు. అదే ఏడాది జులైలో ఈ జట్టు రైడర్ కెవిన్ వోక్లాన్ మూడు వారాల సైకిల్ రేసు టూర్ ద ఫ్రాన్స్‌లో ఏడో స్థానంలో నిలిచాడు. జట్టు చరిత్రలోనే అంత మంచి టూర్ మరొకటి లేదనొచ్చు. ఆట ఇంత బాగున్నప్పుడు జట్టు ఎందుకు మూతపడిందో తెలియాలంటే ఇరవై ఏళ్లు వెనక్కి వెళ్లాలి.

ఫ్రాన్స్‌కు పశ్చిమాన అట్లాంటిక్ సముద్రంలోకి చొచ్చుకుపోయినట్టుండే ప్రాంతం బ్రెతాన్. సైక్లింగ్ అక్కడివాళ్ల నెత్తుటిలో ఉంది. టూర్‌ను వరుసగా మూడుసార్లు, 1953 నుంచి 1955 వరకు, గెలిచిన లూయిజోన్ బోబే అక్కడివాడే. ఐదుసార్లు గెలిచిన బెర్నార్ ఈనో కూడా అక్కడివాడే. 1985లో ఈనో గెలిచాక ఇప్పటిదాకా పురుషుల టూర్‌ను మరో ఫ్రెంచ్ రైడర్ గెలవలేదు. అక్కడ ఏటా త్రో-బ్రో లియోన్ అనే రేసు జరుగుతుంది. పొలాల మధ్య మట్టిబాటల మీద, రాళ్లలో దుమ్ములో సాగుతుంది. అందులో అందరికన్నా ముందొచ్చిన బ్రెతాన్ రైడర్‌కు బహుమతిగా పందిపిల్లను ఇస్తారు. 1984లో ఆ రేసును మొదలుపెట్టింది బ్రెతాన్ భాషలో చదువు చెప్పే బడులకు డబ్బు సమకూర్చడానికి. భాష, పొలం, సైకిల్ అంతగా కలిసిపోయిన నేల అది.

అలాంటి ప్రాంతం నుంచి 2005లో, సైక్లింగ్ జట్ల మూడు శ్రేణుల్లో అడుగుదైన మూడో శ్రేణిలో, చిన్న జట్టుగా ఇది మొదలైంది. అప్పటి పేరు బ్రెతాన్-జాన్ ఫ్లాక్. జాన్ ఫ్లాక్ అనేది స్థానిక మాంసం కంపెనీ. తర్వాత చారల చొక్కాలకు పేరుపడ్డ ఆర్మోర్ లూక్స్ వచ్చింది. ఆ తర్వాత షులెర్, 2013 నుంచి చెత్త నిర్వహణ కంపెనీ సెషే ఎన్విరాన్‌మాన్. కంపెనీ మారినప్పుడల్లా జెర్సీ మారింది, బస్సు మీద రంగు మారింది, అభిమానులు పిలిచే పేరూ మారింది. 2015 వరకు మారనిది ముందున్న బ్రెతాన్ అన్న మాట ఒక్కటే. అందుకే ఊళ్లలో దీన్ని మా జట్టు అనుకున్నారు.

2011లో జట్టు రెండో శ్రేణికి ఎక్కింది. ఈ శ్రేణి జట్లకు అప్పట్లో టూర్‌లో చోటు హక్కుగా వచ్చేది కాదు. నిర్వాహకులు ఏటా కొన్ని జట్లను ఎంచి ఆహ్వానం పంపుతారు. చిన్న జట్టుకు ఆ ఆహ్వానమే ప్రాణం. జులైలో మూడు వారాలు టీవీలో పేరు కనిపించకపోతే స్పాన్సర్‌కు ఆ ఖర్చు ఎందుకు అనిపిస్తుంది. ఏటా చలికాలం ఆ పిలుపు వచ్చేదాకా టెన్షనే. 2014లో ఈ జట్టుకు మొదటిసారి పిలుపొచ్చింది.

టూర్‌లో చిన్న జట్ల బతుకు ఎలా ఉంటుందో చెప్పడానికి 2015లో మాంద్ ఊరికి వెళ్లే స్టేజీలో, అంటే రేసులో ఒక రోజు భాగంలో, జరిగింది చాలు. జట్టులోని అర్జెంటీనా రైడర్ ఎదువార్దో సెపుల్వెదా సైకిల్ చైను తెగింది. మొత్తం పట్టికలో అతను మొదటి ఇరవై మందిలో ఉన్నాడు, జట్టుకు అంతకన్నా పెద్ద ఆశ లేదు. సొంత జట్టు కారు అతన్ని గమనించకుండా కాస్త ముందుకెళ్లి ఆగింది. పక్కన ఆగిన వేరే జట్టు కారులో ఎక్కి సుమారు వంద మీటర్లు వెళ్లి తమ కారు దగ్గర దిగాడు, వేరే సైకిలెక్కి రేసు ముగించాడు. కారులో ఎక్కడం నిబంధనలకు విరుద్ధం. ఆ సాయంత్రమే అతన్ని రేసు నుంచి తీసేశారు. రెండు వారాల కష్టం వంద మీటర్లలో పోయింది. తప్పు అతనిదే, కాదనలేం. కానీ ఆ క్షణంలో ఆ కుర్రాడి కంగారు తలచుకుంటే ఇప్పటికీ బాధగానే ఉంటుంది.

2016లో బ్రెస్ట్ నగరం పక్కనే కేంద్ర కార్యాలయం ఉన్న ఆర్కేయా బ్యాంకు, తన ఆన్‌లైన్ బ్యాంకు ఫోర్చునియో పేరుతో వచ్చింది. రైతులకు సామాన్లు అమ్మే వీటాల్ కాన్సెప్ట్ సహ స్పాన్సర్. వీటాల్ కాన్సెప్ట్ ఎక్కువ కాలం నిలవలేదు. బయటికెళ్లి 2018లో మాజీ రైడర్ జెరోమ్ పినోతో కలిసి మరో జట్టు పెట్టింది. ఆ జట్టే తర్వాత బీ అండ్ బీ హోటల్స్ అయింది. ఆ హోటళ్ల కంపెనీ కూడా బ్రెస్ట్‌దే. ఒకే ప్రాంతం, అవే స్థానిక కంపెనీలు, రెండు ప్రొఫెషనల్ జట్లు. అసలు చిక్కు ఇక్కడే మొదలైందని నా అభిప్రాయం. ఉన్న డబ్బే రెండుగా చీలింది.

ఇక పేర్ల కోసం వేట. 2018లో వారెన్ బార్గిల్ వచ్చాడు. అంతకుముందు ఏడాది టూర్‌లో రెండు స్టేజీలు, కొండల వీరుడికిచ్చే చుక్కల జెర్సీ గెలిచిన బ్రెతాన్ బిడ్డ. 2019లో ఫ్రాన్స్ జాతీయ చాంపియన్ అయ్యాడు, టూర్‌లో పదో స్థానం తెచ్చాడు. అదే ఏడాది జర్మన్ స్ప్రింటర్ ఆండ్రే గ్రైపెల్ వచ్చి ఒక్క సీజన్‌కే వెళ్లిపోయాడు. ఇటలీలో జరిగే జిరో, స్పెయిన్‌లో జరిగే వుయెల్తా అనే మూడు వారాల రేసులు రెండూ అప్పటికే గెలిచిన కొలంబియా రైడర్ నైరో కింటానా 2020లో చేరాడు. పెద్ద రైడర్ ఉంటే ఆహ్వానం సులువు, ర్యాంకింగ్ పాయింట్లూ వస్తాయి. మూడేళ్ల పాయింట్లు కలిపి మొదటి శ్రేణిలో ఉండే 18 జట్లను అంతర్జాతీయ సమాఖ్య యూసీఐ తేలుస్తుంది. జట్టు ఆ లెక్కనే నమ్ముకుంది.

లెక్క ఫలించింది కూడా. కానీ 2022 టూర్‌లో ఆరో స్థానం తెచ్చిన కింటానా రక్తనమూనాల్లో ట్రమడాల్ అనే నొప్పినివారణ మందు ఆనవాళ్లు కనిపించాయని యూసీఐ ఆ ఫలితం రద్దు చేసింది. అప్పటికి అది డోపింగ్ జాబితాలో లేదు, రేసుల్లో వాడకూడదన్న వైద్య నిబంధన కింద శిక్ష పడింది. తాను వాడలేదని కింటానా చెప్పాడు. క్రీడా మధ్యవర్తిత్వ కోర్టులో అప్పీలు వీగిపోయింది. ఈలోపే అతను జట్టు విడిచాడు. అయినా మూడేళ్ల పాయింట్లు సరిపోయాయి, 2023 నుంచి జట్టు మొదటి శ్రేణిలోకి వెళ్లింది.

ఆ 2022 చివర్లోనే పక్క జట్టు కూలింది. పినో పెద్ద ప్లానే వేశాడు: పారిస్ నగరంతో భాగస్వామ్యం, స్ప్రింటర్ మార్క్ కావెండిష్ రాక, మహిళల జట్టు. డబ్బు మాత్రం కుదరలేదు. డిసెంబరులో, అంటే మిగతా జట్లన్నీ దాదాపు నిండిపోయాక, వేరే చోటు వెతుక్కోండని రైడర్లకు చెప్పేశారు. బీ అండ్ బీ హోటల్స్ పేరు 2024లో, అప్పటిదాకా సహ స్పాన్సర్‌గా ఉన్న సామ్సిక్ స్థానంలో, ఆర్కేయా పక్కకు చేరింది. చీలిన డబ్బు మళ్లీ ఒక్కచోటికి వచ్చినట్టే, కానీ అప్పటికి అవసరం దానికి ఎన్నో రెట్లు పెరిగిపోయింది.

మొదటి శ్రేణి అంటే టూర్ చోటు ఖాయం. దాంతోపాటు జిరో, వుయెల్తా సహా పెద్ద రేసులన్నీ ఆడి తీరాలి. ఒకే వారంలో రెండు మూడు దేశాల్లో రైడర్లు, మెకానిక్కులు, మసాజ్ చేసేవాళ్లు, బస్సులు, లారీలు. ఫ్రెంచ్ జట్టు రైడర్లు చట్టప్రకారం జీతం మీద పనిచేసే ఉద్యోగులు, వాళ్ల సామాజిక భద్రతకు యజమాని వాటా భారీగా కట్టాలి. అవతల పోటీకి వచ్చింది యూఏఈ, లీడిల్, రెడ్ బుల్, డెకాథ్లాన్ లాంటి పేర్లు. ప్రాంతీయ బ్యాంకు, హోటళ్ల కంపెనీ కలిసి అంత డబ్బుతో ఎన్నాళ్లని తూగగలవు?

రాబడి చూస్తే ఇంకా దిగులు. క్రికెట్ లీగ్ జట్లకు టీవీ హక్కుల్లో వాటా వస్తుంది, స్టేడియం టికెట్లు ఉంటాయి. సైక్లింగ్ జరిగేది రోడ్డు మీద, చూడటం ఉచితం. టీవీ డబ్బు నిర్వాహకులది. ఒప్పందం ముగిసిన రైడర్ వెళ్లిపోతే, అతన్ని తయారుచేసిన జట్టు చేతికి ఏమీ రాదు. జట్టుకు ఆస్తి అంటూ ఉంటే అది లైసెన్సు, కొన్ని బండ్లు, స్పాన్సర్ సంతకం.

ఇన్ని కష్టాల మధ్య 2024 జూన్ 30న బొలోన్యాలో ఒక మధ్యాహ్నం వచ్చింది. టూర్ రెండో స్టేజీ. ఊరి అంచున సాన్ లూకా కొండ, కిలోమీటరున్నర దాటిన పొడవు, సగటున పది శాతం పైన వాలు, పక్కనే గుడిదాకా సాగే తోరణాల వరండా. ఆ కొండను రెండుసార్లు ఎక్కాలి. రెండోసారి ఎక్కేటప్పుడు వోక్లాన్ పక్కవాళ్లను వదిలి ఒంటరిగా కదిలాడు. 23 ఏళ్లు, మొదటి టూర్. వెనకవాళ్లకు మళ్లీ చిక్కలేదు. పదకొండో టూర్‌లో జట్టుకు మొదటి స్టేజీ విజయం. బార్గిల్, గ్రైపెల్, కింటానా ఇవ్వలేనిది సొంతంగా పెంచుకున్న కుర్రాడు ఇచ్చాడు. ఆ గెలుపుకు ప్రైజ్ మనీ 11,000 యూరోలు.

అంతటి గెలుపు కూడా జట్టును నిలబెట్టలేకపోయింది. 2025 అంతా పాయింట్ల పట్టికలో 18వ స్థానం గీత కిందే గడిచింది. రెండో శ్రేణికి జారితే మళ్లీ ఆహ్వానాల చుట్టూ తిరగాలి, అలాంటి జట్టు మీద కొత్తగా డబ్బు పెట్టేదెవరు? ఇలాంటి గండం నుంచి బయటపడ్డ జట్టూ లేకపోలేదు. 2010లో మరో ఫ్రెంచ్ మేనేజర్ జాన్-రెనే బెర్నోదో జట్టును చివరి గడియలో కార్లు అద్దెకిచ్చే కంపెనీ యూరోప్‌కార్ ఆదుకుంది. మరుసటి ఏడాదే ఆ జట్టు రైడర్ తోమా వోక్లేర్ టూర్‌లో మొత్తం మీద ముందున్నవాడికిచ్చే పసుపు జెర్సీని పది రోజులు వేసుకున్నాడు. హ్యూబేర్‌కు అలాంటి ఫోన్ రాలేదు.

వోక్లాన్ బ్రిటన్ జట్టు ఇనియోస్‌కు వెళ్లాడు. కొందరికి వేరే జట్లలో చోటు దొరికింది, కొందరికి ఆట అక్కడితో ఆగింది. మరో ఫ్రెంచ్ జట్టు కొఫిడిస్ రెండో శ్రేణికి జారడంతో, 2025లో మొదటి శ్రేణిలో నాలుగు ఉన్న ఫ్రెంచ్ పురుషుల జట్లు 2026కి రెండయ్యాయి. మూడేళ్ల తేడాలో రెండు జట్లూ పోయిన బ్రెతాన్‌లో, ఇప్పుడు మట్టిబాటల మీద ప్రాక్టీసు చేసే కుర్రాడు ప్రొఫెషనల్ కావాలంటే పక్క ప్రాంతం జట్టు తలుపే తట్టాలి.